సెట్టు గీసే చేయి, షెడ్యూలు వేసే చేయి

1938 డిసెంబర్ 10వ తేదీ రాత్రి కాలిఫోర్నియాలోని కల్వర్ సిటీలో, ‘ఫార్టీ ఏకర్స్’ అని పిలిచే స్టూడియో ఆరుబయలు స్థలంలో పాత సెట్లకు నిప్పు పెట్టారు. ‘గాన్ విత్ ద విండ్’ చిత్రీకరణ మొదలైంది ఆ రాత్రితోనే. కథానాయిక పాత్రకు నటి అప్పటికింకా ఖరారు కాలేదు. డూపులను గుర్రబ్బండి ఎక్కించి మంటల ముందు నుంచి తోలించి, అట్లాంటా నగరం తగలబడే ఘట్టాన్ని తీశారు. కాలిపోయినవన్నీ ఏళ్ల తరబడి పేరుకుపోయిన వేరే చిత్రాల కట్టడాలు. ‘కింగ్ కాంగ్’లో కనిపించిన పెద్ద గోడ కూడా వాటిలో ఉంది. వాటిని ఎలాగూ తొలగించక తప్పదు, ఎందుకంటే కథలోని ‘టారా’ భవనం కట్టడానికి ఆ జాగాయే కావాలి. కూల్చి తరలించే పని తగ్గింది, కొత్త సెట్టుకు చోటు దొరికింది, విడిగా ఒక నగరాన్ని కట్టి కాల్చాలంటే భారీగా ఖర్చయ్యే దృశ్యమూ చేతికొచ్చింది.

ఆ ఘట్టాన్ని ముందుగా బొమ్మలుగా గీసి, ఆ రాత్రి దగ్గరుండి తీయించిన విలియం కామెరాన్ మెంజీస్ ఆ చిత్రానికి ప్రొడక్షన్ డిజైనర్. ప్రొడక్షన్ మేనేజర్ రేమండ్ క్లూన్. ఆ రాత్రి జరిగినదాన్ని వీరిలో ఏ ఒక్కరి ఖాతాలో వేసినా లెక్క సరిపోదు. మంటల వెలుగులో నగరం ఎలా కనిపించాలన్నది డిజైన్ ప్రశ్న. ఏ స్థలం ఏ తేదీకి ఖాళీ కావాలన్నది నిర్వహణ ప్రశ్న. ఒకే నిర్ణయంతో రెండింటికీ జవాబు దొరికింది. ఈ రెండు వృత్తులనూ విడివిడిగా వర్ణించే పుస్తకాలు చాలానే ఉన్నాయి. ఒకరు ఖర్చు పెట్టించేవారు, మరొకరు ఖర్చు ఆపేవారు అన్న మామూలు అభిప్రాయమే వాటిలోనూ తరచు కనిపిస్తుంది. పని జరిగే తీరును దగ్గర నుంచి పరిశీలిస్తే మాత్రం ఆ అభిప్రాయం నిలవదు. ఇద్దరూ పనిచేసేది ఒకే ముడిసరుకుతో: స్థలాన్ని కాలంగా, కాలాన్ని డబ్బుగా మార్చే లెక్కతో.

‘ప్రొడక్షన్ డిజైనర్’ అన్న హోదాకు ప్రాచుర్యం వచ్చింది మెంజీస్ వల్లనే. 1929లో జరిగిన మొట్టమొదటి ఆస్కార్ ప్రదానోత్సవంలో కళా దర్శకత్వానికి బహుమతి అందుకున్న వ్యక్తి ఆయన. పదేళ్ల తరువాత నిర్మాత డేవిడ్ సెల్జ్‌నిక్ ఆయనకు అప్పగించిన బాధ్యత గోడలు, తలుపులు, సామాను దాటి చాలా దూరం వెళ్లింది. సినిమా మొత్తాన్నీ, షాట్ల కూర్పుతో, రంగుల నడకతో సహా, ముందుగానే కాగితం మీద పెట్టడం ఆ బాధ్యత. ఆ పనికి కళా దర్శకుడు అన్న పాత పేరు చాలకపోవడంతో కొత్త హోదా వాడుకలోకి వచ్చింది. అయినా పరిశ్రమ దాన్ని పూర్తిగా ఒప్పుకోవడానికి చాలా కాలం పట్టింది. ఆస్కార్ విభాగానికి ‘ప్రొడక్షన్ డిజైన్’ అన్న పేరు పెట్టింది 2012 నాటి చిత్రాల నుంచే. నేటి పెద్ద చిత్రాల్లో ప్రొడక్షన్ డిజైనర్ విభాగాధిపతి. ఆయన కింద సెట్ల నిర్మాణాన్ని నడిపే ఆర్ట్ డైరెక్టర్, కొలతలతో నక్షాలు గీసే డ్రాఫ్ట్స్‌మన్లు, సామాను సమకూర్చే సెట్ డెకొరేటర్, నటుల చేతికి వచ్చే వస్తువులను చూసుకునే ప్రాపర్టీ మాస్టర్, వడ్రంగులు, పెయింటర్లు, మోల్డింగ్ పనివారు ఉంటారు.

ప్రొడక్షన్ మేనేజర్ హోదా అంత నిగనిగలాడదు. తెర మీద ఆ పేరు ఎంతసేపు నిలిచినా దాన్ని చదివే ప్రేక్షకులు తక్కువ. కానీ ప్రతి రోజూ ఎంతమంది, ఎక్కడ, ఎన్ని గంటలకు, ఏ వాహనంలో, ఏ అనుమతితో, ఏ బీమా కింద పనిచేస్తారన్నది ఆ హోదాలోని వ్యక్తి సంతకంతోనే నడుస్తుంది. అమెరికాలో యూనిట్ ప్రొడక్షన్ మేనేజర్లు దర్శకుల గిల్డ్‌లో సభ్యులు కావడం గమనించదగ్గ విషయం. దీన్ని గుమాస్తా పని కిందకు తోసేయకుండా, దర్శకత్వ వ్యవస్థలో భాగంగా గుర్తించిన ఏర్పాటు అది. ఆ గుర్తింపు సరైనదే. దర్శకుడు అడిగిన వంద పనుల్లో ఏ తొంభై సాధ్యమో తేల్చే వ్యక్తి సినిమా రూపాన్ని మార్చకుండా ఉండలేరు.

ఇద్దరి పనీ ఒకే చోట మొదలవుతుంది: స్క్రిప్టును విడగొట్టడం దగ్గర. ప్రతి సీనుకూ నంబరు వేసి, ప్రతి పేజీని ఎనిమిది భాగాలుగా లెక్కించి, ఈ సీను పేజీలో మూడు ఎనిమిదో వంతులు, ఆ సీను రెండు పేజీల మీద ఒక ఎనిమిదో వంతు అని కొలుస్తారు. లోపలా బయటా, పగలా రాత్రా, ఎందరు నటులు, ఏ వాహనాలు, ఏ జంతువులు, వాన కావాలా, పొగ కావాలా అన్న వివరాలన్నీ విడిగా రాసుకుంటారు. ఒకప్పుడు వీటిని రంగురంగుల అట్టముక్కల పట్టీల మీద రాసి ఒక పలక మీద వరుసగా గుచ్చేవారు. ఇప్పుడు ఆ పని సాఫ్ట్‌వేర్‌లో జరుగుతోంది కానీ పట్టీల తర్కం అలాగే ఉంది. కథలో పక్కపక్కనే ఉన్న సీన్లు షెడ్యూల్లో నెల దూరానికి పోతాయి, కథలో ఇరవై ఏళ్ల ఎడం ఉన్న సీన్లు ఒకే మధ్యాహ్నం పూర్తవుతాయి. ఎందుకంటే సీన్లను జతచేసేది కథాక్రమం కంటే ఎక్కువగా చోటే.

‘రాత్రి, వాన, రైల్వే స్టేషన్. ఆమె బెంచీ మీద ఒంటరిగా కూర్చుని ఉంది’ అన్న రెండు పంక్తులను ఉదాహరణగా తీసుకోవచ్చు. డిజైనర్ దాన్ని చదవగానే బెంచీ చెక్కదా ఇనుపదా, దాని వెనక గోడ రంగేమిటి, తడిసిన నేల మీద ఏ దీపం ప్రతిఫలిస్తుంది, ఆమె ఒంటరితనం కనిపించాలంటే ప్లాట్‌ఫారం ఎంత పొడవుండాలి అని ఆలోచిస్తారు. మేనేజర్ చదివితే రాత్రి షూటింగు కాబట్టి మరునాడు సిబ్బందికి విశ్రాంతి గంటలు ఎలా సర్దాలి, వాన కురిపించే ట్యాంకర్లు ఎన్ని, నిజమైన స్టేషన్ అయితే రైళ్ల వేళల మధ్య దొరికే సమయమెంత, తడి నేల మీద కరెంటు తీగల భద్రతకు ఎవరు బాధ్యులు అని లెక్క వేస్తారు. రెండు జాబితాల్లో ఒక్క మాట కూడా కలిసినట్టు కనిపించదు. నిజానికి ప్లాట్‌ఫారం పొడవు దగ్గర అవి కలుస్తాయి. యాభై అడుగుల ప్లాట్‌ఫారం అయితే స్టూడియో ఫ్లోరులో, అంటే కప్పున్న షూటింగు హాలులో కట్టి, పగటిపూటే, పైపుల వానతో తీయవచ్చు. మూడు వందల అడుగులు అయితే అసలు స్టేషనుకు వెళ్లక తప్పదు, రాత్రిళ్లు తప్పవు. ఒంటరితనాన్ని పొడవుతో కాకుండా చీకటితో చూపించవచ్చని డిజైనర్ ప్రతిపాదించిన క్షణాన మేనేజర్ జాబితాలో సగం కొట్టివేతకు గురవుతుంది. రెండు వృత్తులకూ ఉన్న సంబంధమంతా ఆ కొట్టివేతలో ఉంది.

చీకటితో పెద్దదనాన్ని సృష్టించడం కొత్త ఉపాయమేమీ కాదు. 1941 నాటి ‘సిటిజన్ కేన్’లో ధనికుడైన కథానాయకుడి కోట లోపలి భాగం అంతులేని విశాలమైన హాలులా కనిపిస్తుంది. కళా దర్శకుడు పెర్రీ ఫెర్గూసన్ అక్కడ పూర్తి హాలును కట్టలేదు. ఒక పొయ్యి, ఒక మెట్ల వరుస, కొన్ని విగ్రహాలు వంటి విడి భాగాలను దూరదూరంగా నిలిపి, మధ్య ఖాళీలను నల్లటి మఖమల్ గుడ్డతో, నీడతో నింపారు. దగ్గరి వస్తువునూ దూరపు వస్తువునూ ఒకేసారి స్పష్టంగా చూపే గ్రెగ్ టోలాండ్ ఛాయాగ్రహణం ఆ ఖాళీని దూరంగా మార్చింది. అదే చిత్రంలో కెమెరాను నేల దగ్గర పెట్టి పైకి చూపాల్సి రావడంతో గదులకు పైకప్పులు అవసరమయ్యాయి. వాటిని పలుచటి మస్లిన్ గుడ్డతో అమర్చి, మైకులను ఆ గుడ్డ వెనక దాచారు. ప్రేక్షకుడికి కళాదృష్టిగా కనిపించే ఈ ఎంపికలను నిర్మాణ విభాగం పుస్తకంలో చూస్తే ఆదా అయిన కలప, ఆదా అయిన రోజులు అని ఉంటాయి. ఏది ముందు, ఏది వెనక అని విడదీయబూనడం వృథా.

సెట్టు కొలతలకూ గడియారానికీ మధ్య బంధం ఎంత బిగువుగా ఉంటుందో చెప్పడానికి మొదటి ప్రపంచ యుద్ధం కథతో తీసిన ‘1917’ చిత్రాన్ని మించిన ఉదాహరణ దొరకదు. సినిమా అంతా ఆగకుండా సాగే ఒకే షాట్‌లా కనిపించాలన్నది దర్శకుడి సంకల్పం. దాంతో ప్రొడక్షన్ డిజైనర్ డెన్నిస్ గాస్నర్ బృందానికి కందకాల పొడవు సౌందర్య విషయంగా మిగల్లేదు. ఇద్దరు సైనికులు ఫలానా సంభాషణ ముగించే సమయానికి ఫలానా మలుపు చేరాలి. కందకం పొడవు ఎక్కువైతే మాటల మధ్య మౌనం, తక్కువైతే మాట పూర్తికాకుండానే గోడ. అందుకే తవ్వకానికి ముందు ఖాళీ మైదానంలో గుర్తులు పాతి, నటులను నడిపించి, అడుగులను మాటలతో సరిపోల్చారు. ఆ తరువాతే దాదాపు ఒక మైలు పొడవు కందకాలు తవ్వారు. సాధారణంగా ఎడిటింగులో సవరించుకునే కాలాన్ని ఇక్కడ నేలలో తవ్వాల్సి వచ్చింది. పైగా ఆకాశం మబ్బుగా ఉన్నప్పుడే షూటింగు, ఎండ వస్తే నిరీక్షణ. నిరీక్షించే గంటలకూ జీతాలు ఆగవు కాబట్టి ఆ గంటల్లో రిహార్సల్ జరిగేలా చూడటం నిర్వహణ బాధ్యత అవుతుంది.

ఇంత తీవ్రంగా కాకపోయినా ప్రతి సెట్టులోనూ ఈ లెక్క దాగి ఉంటుంది. కెమెరా కోసం ఊడదీసి పక్కకు జరపగలిగే గోడలు ఉంటాయి. గదికి నాలుగు గోడలూ కట్టాలా, మూడు చాలా, ఏ గోడ జరగాలి అన్న నిర్ణయం వల్ల రోజుకు రెండు షాట్లు పెరగవచ్చు, తగ్గవచ్చు. గోడను ఊడదీసి బిగించడానికి ఇరవై నిమిషాలు పడితే, రోజుకు ఆరుసార్లు ఆ పని జరిగితే, పెద్ద యూనిట్ మొత్తం రెండు గంటలు చేతులు కట్టుకుని నిలబడుతుంది. మొదట్లో కాస్త ఎక్కువ డబ్బు పెట్టి చక్రాల మీద జరిగే గోడ కట్టిస్తే ఆ రెండు గంటలూ మిగులుతాయి. ఆర్ట్ విభాగం పద్దులో అది అదనపు ఖర్చుగా కనిపిస్తుంది, చిత్రం మొత్తం పద్దులో ఆదాగా కనిపిస్తుంది. ఈ రెండో పద్దును చూడటం నేర్చుకున్న డిజైనర్‌కు మాట నెగ్గించుకోవడం తేలిక. 1954 నాటి ‘రియర్ విండో’ కోసం పారమౌంట్ స్టూడియోలో 31 అపార్టుమెంట్లున్న పెరడును ఒకే ఫ్లోరులో కట్టారు. ఎత్తు చాలక నేలను తొలగించి బేస్‌మెంట్ లోతు నుంచి మొదలుపెట్టారు. చూడటానికి విలాసంలా ఉంటుంది. కానీ కథ అంతా ఒక్క కిటికీలోంచి కనిపించే దృశ్యాలతో నడిచేటప్పుడు, వాతావరణానికీ వీధి శబ్దానికీ లోబడకుండా పగలూ రాత్రీ తమ చేతిలో ఉంచుకోవడానికి అదే తగిన మార్గం.

ఖర్చు పెట్టడంలో ఉన్న వివేకాన్ని కెన్ ఆడమ్ వృత్తి జీవితంలో స్పష్టంగా చూడవచ్చు. 1921లో బెర్లిన్‌లో పుట్టి, లండన్‌లో వాస్తుశిల్పం చదివి, యుద్ధకాలంలో బ్రిటన్ వైమానిక దళంలో పైలట్‌గా పనిచేసిన ఆయన, 1962లో వచ్చిన మొదటి జేమ్స్ బాండ్ చిత్రానికి సెట్లు డిజైన్ చేశారు. ఆ చిత్రం మొత్తం బడ్జెట్ సుమారు పది లక్షల డాలర్లు. అయిదేళ్ల తరువాత ‘యూ ఓన్లీ లివ్ ట్వైస్’ కోసం పైన్‌వుడ్ స్టూడియో ఆవరణలో కట్టిన అగ్నిపర్వతం సెట్టు ఒక్కదానికే దాదాపు అంత మొత్తం అయింది. ఆ ఆలోచన షూటింగుకు తగిన చోట్లు వెతికే లొకేషన్ రెక్కీలో పుట్టింది. నవలలో చెప్పినట్టుగా సముద్రపు ఒడ్డున కోట కోసం జపాన్‌లో గాలించిన బృందానికి అటువంటిది ఎక్కడా దొరకలేదు; హెలికాప్టర్ నుంచి అగ్నిపర్వత ముఖద్వారాలు కనిపించాయి. దొరకనిదాని కోసం వెతకడం ఆపి, దొరికినదాని చుట్టూ కథాస్థలాన్ని మార్చుకోవడం రెక్కీ నేర్పే పాఠాల్లో మొదటిది. షూటింగు తరువాత ఆ మహా నిర్మాణాన్ని కూల్చేశారు. దాదాపు పదేళ్లకు మరో బాండ్ చిత్రంలో జలాంతర్గాములను మింగే నౌక సెట్టు అవసరమైనప్పుడు, దానికి సరిపడే ఫ్లోరు అందుబాటులో లేదు. ఈసారి తాత్కాలిక కట్టడం జోలికి పోకుండా శాశ్వతమైన ఫ్లోరునే కట్టారు. 1976లో పూర్తయిన ఆ ‘007 స్టేజ్’ను తరువాత వేరే చిత్రాలకు అద్దెకిచ్చే వీలు కలిగింది. ఒక చిత్రం ఖర్చు స్టూడియోకు ఆస్తిగా మారింది. నక్షా బల్ల మీద ఎంత ప్రతిభ ఉన్నా, ఇటువంటి ఆలోచన రావాలంటే అద్దెలు, తరుగుదల, తరువాతి బుకింగులు తెలిసిన మనసు కావాలి.

వాతావరణం సంగతి వేరుగా చెప్పుకోవాలి, ఎందుకంటే ఈ ఇద్దరినీ నిజంగా ఒకటి చేసేది అదే. సత్యజిత్ రాయ్ ‘అపరాజితో’ తీస్తున్నప్పుడు బెనారస్ ఇంటి లోపలి ముంగిలిని ఆరుబయట కట్టాలన్నది మొదటి ఆలోచన. వర్షాకాలం భయంతో కళా దర్శకుడు బన్సీ చంద్రగుప్త దాన్ని కలకత్తా స్టూడియో లోపల కట్టాల్సి వచ్చింది. పైనుంచి ఆకాశపు వెలుగు పడే ముంగిలి అది. స్టూడియో దీపాలతో ఆ వెలుగు కృత్రిమంగా కనిపిస్తుందని ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్ర అభ్యంతరం. చివరికి సెట్టు పైన తెల్లటి గుడ్డ పరిచి, దీపాల వెలుగును దాని మీదకు కొట్టి వెనక్కు చెదిరేలా చేశారు. నీడలు మెత్తబడ్డాయి, ముంగిలి నిజంగా ఆకాశం కింద ఉన్నట్టే తోచింది. కాంతి ప్రయోగంగా దీన్ని ఛాయాగ్రహణ చరిత్ర గౌరవంగా చెప్పుకుంటుంది, అది న్యాయమే. కానీ ఆ ప్రయోగానికి మూలం ఋతువును లెక్కలోకి తీసుకున్న ఒక నిర్మాణ నిర్ణయం. వాన వచ్చాక సెట్టు తడిసి ఆగిపోవడం కంటే, రాకముందే చోటు మార్చి సమస్యను ఛాయాగ్రాహకుడి చేతికి సకాలంలో అందించడం వల్లనే పరిష్కారానికి వ్యవధి దొరికింది.

దీనికి పూర్తిగా విరుద్ధమైన కథ 1963లో విడుదలైన ‘క్లియోపాత్రా’ది. 1960లో ఇంగ్లండ్‌లోని పైన్‌వుడ్‌లో ప్రాచీన అలెగ్జాండ్రియాను ఆరుబయట నిర్మించారు. చలి, వాన, మసక వెలుగు ఉండే చోట మధ్యధరా సముద్రతీరపు ఎండను తీయాలన్న ఆ ఎంపిక మొదటి రోజు నుంచే ఇబ్బంది పెట్టింది. ప్రధాన నటి తీవ్రంగా జబ్బుపడటంతో షూటింగు ఆగింది. చివరికి ఆ సెట్లను వదిలేసి, రోమ్‌లో మళ్లీ మొదటి నుంచి కట్టారు. డిజైనర్ జాన్ డి క్యూర్ బృందానికి కళా దర్శకత్వంలో ఆస్కార్ వచ్చింది. సెట్ల అందంలో లోపమేమీ లేదు. లోపం ఆ అందాన్ని ఏ దేశంలో, ఏ నెలలో నిలబెట్టాలన్న నిర్ణయంలో ఉంది. పైన్‌వుడ్‌లో మిగిలిపోయిన సెట్లను 1964లో ‘క్యారీ ఆన్ క్లియో’ అనే చిన్న హాస్యచిత్రం వాడుకుంది. కట్టినది వృథా కాకుండా చూసే బుద్ధి ఆ చిన్న చిత్రం నిర్వాహకులకు ఉండటం సంతోషించదగ్గ విషయం.

ఇక ఈ వృత్తుల్లోకి వచ్చే దారులు. డిజైన్ వైపు వచ్చేవారిలో వాస్తుశిల్పం, చిత్రలేఖనం, రంగస్థల అలంకరణ చదివినవారు ఎక్కువ. ఆర్ట్ విభాగంలో సహాయకుడిగా చేరి, నమూనాలు అతికించి, నక్షాలు గీసి, సామాను వెతికి, అసిస్టెంట్ ఆర్ట్ డైరెక్టర్‌గా ఎదిగి డిజైనర్ కావడానికి సాధారణంగా ఎన్నో ఏళ్లు పడుతుంది. నిర్వహణ వైపు చదువు అర్హత అంత ముఖ్యం కాదు. పిలిస్తే పరుగెత్తే కుర్రాడిగా మొదలై, ప్రొడక్షన్ అసిస్టెంట్, కోఆర్డినేటర్ మెట్లు ఎక్కుతారు. మొదటి మెట్టు మీద ఉన్నవారికి జీతం తక్కువ, గంటలు ఎక్కువ. రెండు దారుల్లోనూ అది మారలేదు, మారాల్సిన అవసరం మాత్రం గట్టిగా ఉంది.

పెద్ద చిత్రాల్లో ఈ దారులు ఒకదాన్నొకటి తాకవు. చిన్న చిత్రాల్లో తాకుతాయి, అక్కడే రెండూ తెలిసిన మనుషులు తయారవుతారు. తక్కువ డబ్బుతో సినిమాలు తీయడంలో పేరుపొందిన రోజర్ కార్మన్ సంస్థలో 1980లో వచ్చిన ‘బ్యాటిల్ బియాండ్ ద స్టార్స్’కు ఆర్ట్ డైరెక్టర్‌గా పనిచేసినవారు జేమ్స్ కామెరాన్, అసిస్టెంట్ ప్రొడక్షన్ మేనేజర్‌గా పనిచేసినవారు గేల్ ఆన్ హర్డ్. అంతరిక్ష నౌక లోపలి గోడలకు హాంబర్గర్లు పెట్టి ఇచ్చే థర్మాకోల్ పెట్టెలను అతికించి రంగు వేసిన సెట్టు అది. నాలుగేళ్ల తరువాత అదే ఇద్దరూ దర్శకుడిగా, నిర్మాతగా ‘ద టెర్మినేటర్’ తీశారు. పరిమితమైన డబ్బుతో తీసినా ఆ చిత్రం పేదగా కనిపించకపోవడానికి, ఆకృతి ధర ఎంతో తెలిసిన దర్శకుడూ ధరకు ఎంత ఆకృతి వస్తుందో తెలిసిన నిర్మాతా ఒకే బల్ల దగ్గర కూర్చోవడం ఒక ముఖ్య కారణమని చెప్పవచ్చు.

డిజైన్ నుంచి నిర్మాణ నిర్వహణ వైపు నడిచినవారి వృత్తి జీవితాలు ఇంకా విలువైన పాఠాలు. పాలీ ప్లాట్ 1971లో ‘ద లాస్ట్ పిక్చర్ షో’కు ప్రొడక్షన్ డిజైనర్. ‘టర్మ్స్ ఆఫ్ ఎండియర్‌మెంట్’కు ఆస్కార్ నామినేషన్ పొందిన ఆమె, 1987లో ‘బ్రాడ్‌కాస్ట్ న్యూస్’ నాటికి ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ స్థానంలో ఉన్నారు. రెండుసార్లు ఆస్కార్ అందుకున్న రిచర్డ్ సిల్బర్ట్ ప్రయాణం మరింత అరుదైనది. 1974 నాటి ‘చైనాటౌన్’లో నీటి కరువు కథ కాబట్టి ఎండిన రంగులే వాడాలని నియమం పెట్టుకుని, దానికి తగ్గట్టు గోడలనూ వీధులనూ ఎంచుకున్న మనిషి ఆయన. ఆ చిత్రం తరువాత పారమౌంట్ సంస్థలో చిత్ర నిర్మాణ విభాగానికి అధిపతి అయ్యారు. కొన్నేళ్లు ఆ కుర్చీలో పనిచేసి, మళ్లీ డిజైన్‌కే వచ్చారు. ఆస్ట్రేలియాకు చెందిన క్యాథరిన్ మార్టిన్ డిజైనునూ దుస్తుల రూపకల్పననూ కలిపి నాలుగు ఆస్కార్లు సాధించి, నిర్మాతగానూ కొనసాగుతున్నారు. ఈ ముగ్గురికీ ఉన్న ఉమ్మడి లక్షణం దృశ్యాన్ని నియమంగా మార్చగలగడం. ‘ఈ సినిమాలో పచ్చదనం ఉండదు’ అన్న ఒక్క నియమం వల్ల వందలాది చిన్న నిర్ణయాలు ఎవరినీ అడగకుండానే తేలిపోతాయి. మంచి నిర్వాహకుడు కోరుకునేదీ అదే.

అలాగని ఒకే చిత్రానికి ఒకే వ్యక్తి రెండు కుర్చీల్లోనూ కూర్చోవడం మంచిదని దీని అర్థం కాదు. పదిమంది యూనిట్‌తో తీసే చిత్రానికి అది తప్పనిసరి కావచ్చు. యూనిట్ పెరిగేకొద్దీ అది ప్రమాదకరం. మొదటి కారణం లెక్కలకు సంబంధించినది: సెట్టు సామానుకు ఆర్డరు ఇచ్చిన చేయే బిల్లు మీద ఆమోద సంతకం కూడా పెడితే తప్పు పట్టుకునే రెండో కన్ను ఉండదు. నిజాయితీపరుడి విషయంలోనూ ఇది సమస్యే, ఎందుకంటే తన ఊహను ప్రేమించే మనిషికి దాని ధర ఎప్పుడూ సమంజసంగానే తోస్తుంది. రెండో కారణం భద్రత. సెట్టు బరువు మోయగలదా, మంటలు అంటుకుంటే బయటికి దారి ఉందా, పాత భవనంలో ఆస్బెస్టాస్ ఉందా అన్న ప్రశ్నలను అడగాల్సింది ఆ సెట్టు సకాలంలో పూర్తి కావాలని తహతహలాడని మనిషి. మూడోది శరీరానికి సంబంధించినది. డిజైనర్ ఎప్పుడూ రేపటి సెట్టు దగ్గర ఉండాలి, మేనేజర్ ఇవాళ్టి షూటింగుకు అందుబాటులో ఉండాలి. ఒక మనిషి రెండు చోట్ల ఉండలేరు. రెండూ తెలిసినవారు ఒక చిత్రంలో ఒక కుర్చీనే ఎంచుకుని, రెండో కుర్చీలో ఉన్నవారి భాష మాట్లాడగలగడమే అసలైన లాభం.

ఆ భాష ఎలా ఉంటుందో వారం వారం తయారయ్యే ఖర్చుల నివేదిక చూపిస్తుంది. అనుకున్న మొత్తం, ఇప్పటివరకు అయినది, ఇవ్వడానికి ఒప్పుకున్నది, పూర్తయ్యేసరికి ఇంకా అయ్యేది అన్న వరుసలు అందులో ఉంటాయి. మొదటి రెండు వరుసలు చూసి ధైర్యపడే డిజైనర్లు చాలామంది. చివరి వరుసే అసలు సంగతి చెబుతుంది. నిర్మాణంలో ఉన్న మూడో సెట్టుకు అదనంగా వడ్రంగులు కావలసి వస్తే, ఆ భారం అయిదో సెట్టు మీద పడుతుందని ఆ వరుసను చదవగలిగినవారు ముందే గ్రహించి, అయిదో సెట్టును చిన్నది చేసే ఆలోచనను దర్శకుడి దగ్గరకు తామే తీసుకెళతారు. చదవలేనివారికి ఆ కత్తిరింపు పైనుంచి ఉత్తర్వుగా వస్తుంది. అనుకోని ఖర్చుల కోసం బడ్జెట్‌లో పక్కన పెట్టే పది శాతం దాకా ఉండే మొత్తం గురించి కూడా ఇదే మాట. ఆ మొత్తం ఎవరి విభాగానిదీ కాదు, ముందు అడిగినవారిదీ కాదు. సకాలంలో నిజం చెప్పిన విభాగానికి అది దక్కేలా చూడటం మేనేజర్ ధర్మం.

డిజిటల్ సాంకేతికత ఈ సంబంధాన్ని మరింత బిగించింది. 2019లో మొదలైన ‘ద మాండలోరియన్’ ధారావాహికకు 20 అడుగుల ఎత్తు, 75 అడుగుల వ్యాసం ఉన్న అర్ధవలయాకార ఎల్‌ఈడీ గోడ మధ్య చాలా దృశ్యాలు తీశారు. కంప్యూటర్‌లో తయారైన నేపథ్యం ఆ గోడ మీద కనిపిస్తుంది, కెమెరా కదిలినప్పుడు అదీ కదులుతుంది. గ్రాఫిక్స్ పనిలో కొంత భాగం షూటింగు తరువాతి నుంచి షూటింగుకు ముందుకు జరిగింది. కాబట్టి డిజైనర్ నిర్ణయాలు నెలల ముందే ఖరారు కావాలి, మేనేజర్ ఆ డబ్బును నెలల ముందే విడుదల చేయాలి. ‘తరువాత చూసుకుందాం’ అన్న మాటకు ఇక్కడ చోటు లేదు. బ్రిటన్ సినిమా, టీవీ అకాడమీ అయిన బాఫ్టా అండతో 2011లో మొదలైన ‘ఆల్బర్ట్’ వంటి ఏర్పాట్ల వల్ల, చిత్రీకరణతో గాలిలోకి వెలువడే కర్బనం లెక్కలు కూడా నిర్వహణ విభాగం బల్ల మీదకు చేరాయి. చెక్క ఎక్కడిది, షూటింగు అయ్యాక ఎక్కడికి పోతుంది అన్న ప్రశ్నలకు జవాబు చెప్పాల్సింది మాత్రం డిజైనరే.

ఈ వృత్తుల్లో ఉద్యోగమన్నది ఒక చిత్రం ఉన్నంతకాలమే. డిజైనర్ షూటింగుకు నెలల ముందే చేరి, చివరి సెట్టు అప్పగించాక బయటపడతారు. మేనేజర్ అందరికంటే చివర్లో వెళతారు. అద్దె సామాను తిరిగి పంపాలి, లొకేషన్లను యథాస్థితికి తేవాలి, డిపాజిట్లు వెనక్కు తీసుకోవాలి, లెక్కలు మూయాలి. సెట్టు విప్పే రోజున సాధారణంగా అక్కడ మిగిలేది మేనేజరు, వడ్రంగులు, ఒక లారీ. ఫ్లోరు అద్దె మరుసటి రోజు నుంచి వేరొకరి పేరు మీద ఉంటుంది కాబట్టి మొత్తం విప్పేయడమే తేలిక. డిజైన్ చేసిన అనుభవం ఉన్న మేనేజర్ మాత్రం వడ్రంగులను కాసేపు ఆగమంటారు. ఎడిటింగు ఇంకా పూర్తి కాలేదు, ఒకటి రెండు ముక్కలు మళ్లీ తీయాల్సి రావచ్చు. గది మొత్తాన్ని గోదాములో దాచడానికి డబ్బు లేదు. కథానాయిక ఎక్కువసేపు ఆనుకుని నిలబడిన కిటికీ, దాని పక్కన రెండు గజాల గోడ, ఆ గోడకు వేసిన రంగు డబ్బాలో అడుగున మిగిలిన రంగు: ఈ మూడింటికీ చీటీ అంటించి, సీను నంబరు రాసి, లారీలో చివరగా ఎక్కిస్తారు.